కొనేది మీరేనా?

"గన్ పోయిందని మీకు ఎప్పుడు తెలిసింది?"

"మొన్న శనివారం."

"శనివారం ఎన్నింటికి?"

"సాయంత్రం. ఆరు, ఆరున్నర మధ్య. గుడిలోంచి బయటికొచ్చేసరికి కారు అద్దం పగిలి ఉంది. ముందు అరలో పెట్టిన గన్ లేదు."

"పోలీసులకి ఫోన్ చేశారా?"

"లేదు."

"ఇన్సూరెన్స్ వాళ్లకి?"

"లేదయ్యా."

"పోనీ, అక్కకి చెప్పారా?"

డాక్టర్ లక్ష్మీపతి తన భార్య వైపు చూడలేదు. డైనింగ్ టేబుల్ మీదున్న మంచినీళ్ల గ్లాసుని కుడిచేత్తో పట్టుకున్నాడు. గ్లాసులో నీళ్లు సన్నగా వణికాయి. చెయ్యి తీసేసి ఒళ్లో పెట్టుకున్నాడు.

ఆయనకి అరవై ఏడేళ్లు. డాలస్ ఆస్పత్రుల్లో ముప్పై ఏళ్లు మత్తు డాక్టరుగా పనిచేసి రిటైరయ్యాడు. ఊళ్లో ఏ తెలుగువాడికి ఒంట్లో బాగాలేకపోయినా మొదటి ఫోన్ ఆయనకే వచ్చేది. అలాంటి మనిషి తన ఇంట్లో, తన కుర్చీలో కూర్చుని, పట్టుబడిన పిల్లాడిలా తల దించుకుని ఉంటే ఎదురుగా కూర్చున్న రామమోహన్‌కి చూడబుద్ధి కాలేదు. కానీ చూడక తప్పదు. ప్రైవేట్ డిటెక్టివ్‌గా పద్దెనిమిదేళ్లలో అతను నేర్చుకున్నదల్లా అదే. అవతలి మనిషి మొహం మీంచి చూపు తిప్పుకోకుండా ప్రశ్న అడగడం.

అతన్ని పిలిపించింది డాక్టరు గారి భార్య ఛాయాదేవి. ఆ బుధవారం పొద్దున ఎనిమిదింటికి ఫోన్ చేసి, "ఆయన్ని తీసుకెళ్లిపోయేలా ఉన్నారు రామమోహనూ, ఒక్కసారి రా," అంది. అంతే చెప్పి పెట్టేసింది.

జరిగింది ఇదీ. సోమవారం సాయంత్రం ఏడూ ఐదుకి, రెండు వీధుల అవతల ఉండే ఫణి అనే సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ తన ఇంటి గరాజ్‌లో తూటా తగిలి పడిపోయాడు. తూటా దగ్గర్నించే తగిలి కడుపులోంచి దూసుకుపోయింది, గరాజ్‌లో పెనుగులాట జరిగిన గుర్తులున్నాయి. పక్కనే నేల మీద తొమ్మిది ఎంఎం పిస్టల్ ఒకటి దొరికింది. మంగళవారం మధ్యాహ్నానికల్లా దాని సీరియల్ నంబరు పట్టుకుని పోలీసులు తయారీ కంపెనీని, కంపెనీ ద్వారా షాపుని, షాపు కాగితాల ద్వారా కొన్నవాడి పేరుని తెలుసుకున్నారు. కొన్నది డాక్టర్ లక్ష్మీపతి. అక్టోబర్ నాలుగు, శనివారం. అంటే కాల్పులకి తొమ్మిది రోజుల ముందు.

అది చాలదన్నట్టు, ఆదివారం ఫణి ఇంటి ముందు డాక్టరు గారూ ఫణీ గట్టిగా అరుచుకోవడం పక్కింటివాళ్లు విన్నారు.

మంగళవారం సాయంత్రం సిటీ పోలీస్ డిటెక్టివ్ నిశాంత్ వచ్చి అడిగితే, గన్ దొంగలెత్తుకుపోయారని డాక్టరు గారు చెప్పాడు. నిశాంత్ పగిలిన అద్దాన్ని బయట్నించి ఫొటోలు తీసుకుని, కారు ముట్టుకోవద్దని చెప్పి, వారెంటుతో వస్తానని వెళ్లాడు.

రామమోహన్ ఈ సంగతులన్నీ ఛాయాదేవి నోట విన్నాడు. విన్నంతసేపూ తలూపాడు. ఒక్క మాట మాత్రం ఆవిడకి చెప్పలేదు. ఫణి పేరు అతనికి కొత్త కాదు. సెప్టెంబర్ చివర్లో నాలుగు రోజులపాటు అతను ఫణిని దూరంనించి కనిపెట్టి చూశాడు. ఆ కుర్రాడు పనిచేసే కన్సల్టెన్సీ యజమాని, తన ఉద్యోగి దొంగచాటుగా రెండో ఉద్యోగం చేస్తున్నాడేమో చూడమన్నాడు. అదేమీ లేదని తేలింది. రిపోర్టు పంపించాడు, ఫైలు మూసేశాడు. 'దానికీ దీనికీ సంబంధం లేదు,' అని దారి పొడుగునా తనకి తాను చెప్పుకుంటూ వచ్చాడు. సంబంధం లేని సంగతైతే ఛాయాదేవికి చెప్పడానికి నోరెందుకు రాలేదో మాత్రం చెప్పుకోలేకపోయాడు.

"కారు చూస్తాను," అని లేచాడు రామమోహన్.

గరాజ్‌లో లైటు వేసి, చేతులు వెనక్కి పెట్టుకుని కారు చుట్టూ ఒకసారి తిరిగాడు. డ్రైవర్ పక్క సీటు వైపు అద్దం పగిలి ఉంది. తలుపు ముట్టుకోకుండా, జేబులోని చిన్న టార్చి తీసి లోపలికి వెలుగు వేశాడు. సీటు నిండా పంచదార పలుకుల్లా గాజు ముక్కలు. వాటి కింద తెల్లగా ఏదో అంటుకుని ఉంది. వంగి చూశాడు. ఆస్పత్రిలో లోపలికెళ్లే వాళ్ల చొక్కాకి అంటించే స్టిక్కర్ అది. సగం గాజు ముక్కల కింద ఉన్నా, దాని మీద అచ్చయిన డాక్టరు గారి ఫొటో కనిపిస్తోంది. ఫొటో కింద తేదీ, టైము ఉన్నాయి.

అక్టోబర్ 14, మంగళవారం. ఉదయం 10:40.

వెనక తలుపు దగ్గర ఛాయాదేవి నిలబడి ఉంది.

"అక్కా, ఆదివారం మీరు ఈ కారులో ఎక్కడికైనా వెళ్లారా?"

ఆవిడ కొంగు వేలికి చుట్టుకుంది. "మనవరాలి డాన్స్ ప్రోగ్రామ్‌కి వెళ్లాం."

"ఎక్కడ కూర్చున్నారు?"

"ఆ సీట్లోనే," అంది ఆవిడ, వినీ వినపడకుండా. "అద్దం బాగానే ఉంది. నిన్న మధ్యాహ్నం ఒంటి గంటకి గరాజ్‌లో ఏదో పగిలిన చప్పుడైంది. ప్లేటు పడిందేమో అనుకున్నాను. అంటే, అలా అనుకోవాలనుకున్నాను."

రామమోహన్ టార్చి ఆర్పేశాడు.

తిరిగి వచ్చి టేబుల్ దగ్గర కూర్చున్నాక అతను గొంతు పెంచలేదు. "డాక్టరు గారూ, నిన్న పది నలభైకి మీరు ఆస్పత్రికెళ్లి ఫణిని చూశారు. వస్తూ చొక్కా మీది స్టిక్కర్ పీకి పక్క సీటుకి అంటించారు. గాజు ముక్కలు దాని మీద పడ్డాయి, కింద కాదు. శనివారం పగిలిన అద్దం మంగళవారం స్టిక్కర్ మీద ఎలా పడుతుంది? ఒంటి గంటకి దాన్ని పగలగొట్టింది మీరే."

డాక్టరు గారు కళ్లజోడు తీసి టేబుల్ మీద పెట్టాడు. 

"సుత్తితో కొట్టాను," అన్నాడు చివరికి. "మూడు దెబ్బలు పట్టింది. ఈ వయసులో నా కారు నేనే పగలగొట్టుకున్నాను. ఎవరైనా చూస్తారేమోనని గరాజ్ తలుపు దించుకుని మరీ."

"గన్ ఎవరి కోసం కొన్నారు?"

"నా కోసమే."

"షాపు బిల్లులో గన్‌తో పాటు నడుముకి తగిలించుకునే ఒర కూడా ఉంది. అక్క చూపించింది. అది ఎడమచేతి వాటం వాళ్లకి చేసిన ఒర. మీది కుడిచేయి. మీకు గన్ పట్టుకోవడం నేర్పింది నేనే కదా." రామమోహన్ ముందుకి వంగాడు. "ఫణిది ఎడమచేతి వాటం. ఫణి కోసం కొన్నారు. అవునా?"

ఛాయాదేవి నోటి మీద చెయ్యి పెట్టుకుంది. డాక్టరు గారు మాత్రం తలెత్తి, కళ్లజోడు లేని కళ్లతో రామమోహన్‌నే చూశాడు. ముప్పై ఏళ్లు మనుషుల ఊపిరిని లెక్కపెట్టిన కళ్లు అవి.

"ఫణిది ఎడమచేయి అని నీకెలా తెలుసు?"

రామమోహన్ చూపు పక్కకి తిప్పుకున్నాడు. 

"నువ్వు వాణ్ని ఎప్పుడూ చూడలేదే. మా ఇంట్లో నీకెప్పుడూ పరిచయం కాలేదే."

"ఎవరో అన్నారు," అన్నాడు రామమోహన్.  నాలుగు సాయంత్రాలు కారులో కూర్చుని, ఆ కుర్రాడు ఎడమచేత్తో తలుపు తాళం తీయడం, ఎడమచేత్తో చెత్తడబ్బా లాగడం చూశాడు. అది చెప్పలేక అబద్ధమాడాడు. అబద్ధాన్ని పట్టుకోవడానికి వచ్చినవాడు, అదే టేబుల్ దగ్గర.

డాక్టరు గారు రెట్టించలేదు. తన సిగ్గు బరువే తనకి ఎక్కువైనట్టుంది. మెల్లగా చెప్పడం మొదలుపెట్టాడు.

"పోయినేడాది నాకు బైపాస్ అయినప్పుడు ఆరు వారాలు నన్ను రోజూ ఆస్పత్రికి తీసుకెళ్లి తీసుకొచ్చింది వాడు. అడగకుండానే. ఈ నెల ఒకటో తారీఖున వచ్చి ఇక్కడే కూర్చుని ఏడ్చాడు. వాళ్ల కంపెనీలో దొంగ కాగితాలు పెట్టి వీసాలు తెప్పిస్తున్నారట. లేని ప్రాజెక్టులు, దొంగ సంతకాలు. లేబర్ డిపార్ట్‌మెంట్‌కి స్టేట్‌మెంట్ ఇవ్వడానికి ఒప్పుకున్నాడు. ఈ గురువారమే ఇవ్వాలి. అది బయటికి పొక్కిందని వాడి అనుమానం. ఇంటి ముందు ఎవడో కారులో కూర్చుని తనని చూస్తున్నాడని చెప్పాడు. పోలీసులకి చెబితే, వీధిలో కారు ఆపుకోవడం నేరం కాదన్నారట."

రామమోహన్ వేళ్లు టేబుల్ అంచుని పట్టుకున్నాయి.

"వీసా మీద ఉన్నవాడు, గన్ కొనడానికి లేదు. నువ్వు క్లాసులో చెప్పావు కదా. నాకు సిటిజన్‌షిప్ ఉంది, గన్ వెంట పెట్టుకు తిరిగే క్యారీ లైసెన్స్ ఉంది. నాలుగో తారీఖు శనివారం షాపుకెళ్లాను. ఫారం ఇచ్చాడు. పేరు, పుట్టిన ఊరు, ఎత్తు, బరువు. ఆ తర్వాత, 'ఈ గన్ నిజంగా కొనేది మీరేనా?' అని ప్రశ్న. వేరేవాళ్ల కోసమైతే అమ్మరు అని దాని కిందే రాసి ఉంది. అవును అని టిక్కు పెట్టాను. అన్నిటికీ వణికే చెయ్యి, దానికి వణకలేదు."

"తర్వాత?"

"మామూలు వాళ్లకైతే షాపువాడు ప్రభుత్వానికి ఫోన్ చేసి వివరాలన్నీ కనుక్కోవాలట. నా లైసెన్స్ చూసి, దాని నంబరు ఫారంలో రాసుకుని, 'మీకు ఫోన్ అక్కర్లేదు సార్,' అన్నాడు. లోపలికెళ్లి బయటికి రావడానికి ఇరవై రెండు నిమిషాలు. రెండు రోజులాగి రమ్మని ఉంటే నేను మళ్లీ వెళ్లేవాణ్ని కాదు రామమోహనూ. ఇంటికొచ్చి పడుకుంటే బుద్ధొచ్చేది."

"ఆదివారం గొడవ దేనికి?"

"తిరిగి ఇచ్చెయ్యమన్నాను. తప్పు చేశాం, నీ వీసా పోతుంది, నేను జైలుకి పోతాను అన్నాను. గురువారం దాకా ఉంచుకుంటానన్నాడు. అరిచాను. సోమవారం వాడి గన్నే లాక్కుని వాణ్ని కాల్చారు."

"వేట లైసెన్స్ తీసుకుని ఉంటే ఫణి తన పేరు మీదే కొనుక్కోగలిగేవాడు," అన్నాడు రామమోహన్, నేల చూపులు చూస్తూ. "చట్టంలో ఆ వెసులుబాటు ఉంది. ఒక్క ఫోన్ చేసి ఉంటే చెప్పేవాణ్ని."

"ఫోన్ చేద్దామనే అనుకున్నాను. ఏమని అడగను? సిగ్గేసింది."

కాలింగ్ బెల్ మోగింది. గోడ గడియారంలో పదకొండూ ఇరవై.

నిశాంత్ ఒక్కడే వచ్చాడు. ముప్పై మూడేళ్లవాడు, ఇక్కడే పుట్టి పెరిగినవాడు. రామమోహన్‌ని చూడగానే అతని దవడ బిగుసుకుంది. పోయిన సంవత్సరం ఒక నగల దొంగతనం కేసులో నిశాంత్ అరెస్టు చేసిన మనిషి నిర్దోషి అని రామమోహన్ నిరూపించాడు. అది ఇద్దరూ మర్చిపోలేదు.

"అంకుల్, మీరు ఎందుకు ఇక్కడ ఉన్నారు?"

"ఛాయమ్మగారు పిలిచారు."

"కార్ టచ్ చేశారా?"

"లేదు. బయట్నించి చూశాను. నువ్వు కూడా నిన్న లోపలికి టార్చి వేసి చూసి ఉంటే ఈ వారెంటు ఇంకా గట్టిగా రాసుకునేవాడివి. పక్క సీటు చూడు, గాజు కింద స్టిక్కర్ ఉంది."

నిశాంత్ మొహం ఎర్రబడింది. గరాజ్‌లోకి వెళ్లి రెండు నిమిషాల్లో తిరిగొచ్చాడు. "సో, థెఫ్ట్ అబద్ధం. థాంక్యూ. మీరే నాకు కేస్ ఇచ్చారు."

"సగమే ఇచ్చాను. కాల్చింది ఈయన కాదు."

"మోటివ్ ఉంది, ఫైట్ ఉంది, గన్ ఉంది, లై ఉంది. ఇంకా ఏం కావాలి అంకుల్?"

"దగ్గర్నించి, పెనుగులాటలో పేలిన గన్ అది. ముప్పై ఆరేళ్లవాడి చేతిలోంచి ఈయన గన్ లాక్కోగలడా? ఆ చెయ్యి చూడు."

నిశాంత్ డాక్టరు గారి చేతిని చూశాడు. తర్వాత చంకలోని ఫైలు తెరిచి, ఒక కాగితం తీసి టేబుల్ మీద పెట్టాడు.

"ఆ హ్యాండ్ గురించే నేను కూడా అడగాలి. ఈ సైన్ ఎవరిది?"

రామమోహన్‌కి చూడకుండానే తెలిసింది. క్యారీ లైసెన్స్ కోసం వచ్చేవాళ్లకి అతను శనివారాలు క్లాసు చెబుతాడు. క్లాసయ్యాక యాభై తూటాలు కాల్చే పరీక్ష పెట్టి, పాసైనవాళ్లకి సర్టిఫికెట్ రాసిస్తాడు. అది డాక్టరు గారి సర్టిఫికెట్.

"నాది."

"స్కోర్ ఎంత రాశారు?"

"నూట డెబ్బై ఎనిమిది."

"పాస్ అవ్వాలి అంటే?"

"రెండు వందల యాభైకి నూట డెబ్బై ఐదు."

"షూటింగ్ రేంజ్ వాళ్లు టార్గెట్ షీట్ ఉంచారు. నేను కౌంట్ చేశాను, టూ టైమ్స్." నిశాంత్ గొంతులో గెలిచిన సంతోషం ఉండాల్సింది. ఎందుకో లేదు. "నూట అరవై నాలుగు. ఆయన ఫెయిల్ అయ్యారు అంకుల్. మీరు పాస్ అని రాశారు. మా మామ్ ఎప్పుడూ చెప్తుంది, రామమోహన్ గారు చాలా స్ట్రిక్ట్ అని."

 రామమోహన్ తల ఎత్తలేకపోయాడు. ఆ రోజు గుర్తుంది. పదిహేను గజాల దగ్గర డాక్టరు గారి తూటాలు కాగితం అంచుల్ని కూడా దాటిపోయాయి. లెక్కపెట్టాడు, మళ్లీ లెక్కపెట్టాడు. ఆయన మొహం చూశాడు. పెద్దాయన, రామమోహన్ భార్య ఆపరేషన్‌కి దగ్గరుండి మత్తిచ్చిన మనిషి. ఫెయిలయ్యారని పదిమంది ముందు ఎలా చెప్పాలి? పెన్ను తీసి నంబరు రాసేశాడు. అదొక మర్యాద అనుకున్నాడు.

"నేను పాసవలేదా?" అన్నాడు డాక్టరు గారు.

ఆయన అడిగింది రామమోహన్‌ని. 

"నూట అరవై నాలుగా?" డాక్టరు గారు కుడిచేతిని టేబుల్ మీదకి తెచ్చి, దాన్ని పరాయివాళ్ల చెయ్యిలా చూసుకున్నాడు. "మరి చెప్పొచ్చు కదయ్యా. చెబితే నేనేమన్నా అనుకునేవాణ్నా? లైసెన్సే వచ్చేది కాదు. లైసెన్స్ లేకపోతే వాడు నా దగ్గరికి వచ్చేవాడే కాదు."

"తప్పు నాది," అన్నాడు రామమోహన్. 

"ఇది స్టేట్‌కి వెళ్తుంది," అన్నాడు నిశాంత్. "మీ ఇన్‌స్ట్రక్టర్ సర్టిఫికేషన్, మేబీ మీ ప్రైవేట్ డిటెక్టివ్ లైసెన్స్ కూడా."

"వెళ్లనీ."

అప్పుడు డాక్టరు గారు కళ్లజోడు పెట్టుకున్నాడు. ఏదో నిశ్చయించుకున్న మనిషిలా వీపు నిటారు చేశాడు. "నిశాంత్, నేనూ చెప్పాల్సింది చెప్పేస్తాను. లాయర్ వద్దు. గన్ ఫణి కోసం కొన్నాను. ఫారంలో అబద్ధం రాశాను. అది ఎంత నేరమో నాకు తెలుసు. కానీ వాణ్ని నేను కాల్చలేదు. వాడి ఇంటి ముందు కాపు కాసినవాణ్ని పట్టుకో. కారు నంబరు వాడే రాసిచ్చాడు."

పర్సులోంచి నాలుగు మడతలు పెట్టిన కాగితం తీశాడు. "ఇది నీకిచ్చి కనుక్కోమంటానని వాడితో అన్నాను రామమోహనూ. ఎవరికీ, భార్య అంకితకి కూడా, తెలియకూడదని కాళ్లు పట్టుకున్నంత పని చేశాడు."

కాగితం రామమోహన్‌కి దగ్గరగా ఉంది. అతనే విప్పాడు.

ఎడమచేతి వాటం రాత, అక్షరాలు వెనక్కి వాలి ఉన్నాయి. బూడిద రంగు కారు. తేదీలు, టైములు వరసగా ఉన్నాయి. సోమవారం 29: ఆరూ నలభై నుంచి ఎనిమిదీ పదిహేను. మంగళవారం: ఆరున్నర నుంచి ఎనిమిది. బుధవారం, గురువారం: మళ్లీ వచ్చాడు. అంకితకి చెప్పలేదు, భయపడుతుంది.

అడుగున కారు నంబరు.

ఆ నంబరు రామమోహన్ ఇంటి ముందు ఉన్న రెండో కారుది. ఇలాంటి పనులకని ప్రత్యేకంగా ఉంచుకున్న కారు. ఆ టైముల్లో ఒక్క నిమిషం కూడా తప్పు లేదు. తను ఫణి టైములు రాసుకుంటూ కూర్చున్న నాలుగు సాయంత్రాలూ, లోపల కిటికీ తెర వెనక ఫణి తన టైములు రాసుకుంటూ నిలబడ్డాడు.

కాగితం మడిచి నిశాంత్‌కి ఇచ్చెయ్యొచ్చు. నంబరు ఎవరిదో కనుక్కోవడానికి అతనికి పది నిమిషాలు పడుతుంది. ఆ పది నిమిషాల్లో లేచి వెళ్లిపోవచ్చు కూడా. ఆ ఆలోచన వచ్చినందుకే రామమోహన్‌కి సిగ్గేసింది.

"ఈ కారు నాది," అన్నాడు.

నిశాంత్‌కి అర్థం కాలేదు. "వాట్?"

"అందులో కూర్చున్నది నేను. సెప్టెంబర్ ఇరవై తొమ్మిది నుంచి నాలుగు రోజులు. వాళ్ల కంపెనీ యజమాని నన్ను పెట్టుకున్నాడు. ఫణి రెండో ఉద్యోగం చేస్తున్నాడేమో చూడమన్నాడు. నమ్మాను. చూశాను. రిపోర్టు పంపాను." అతను డాక్టరు గారి వైపు తిరిగాడు, కానీ ఆయన కళ్లలోకి చూడలేకపోయాడు. "వాడిది ఎడమచేయి అని నాకు అలా తెలుసు. వాడు భయపడింది నన్ను చూసి. మీరు గన్ కొన్నది నా వల్ల."

ఛాయాదేవి మెల్లగా కుర్చీలో కూలబడింది. ఎవరూ తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేదనిపించింది రామమోహన్‌కి.

"రిపోర్ట్‌లో ఏం రాశారు?" అన్నాడు నిశాంత్. అతని గొంతు మారిపోయింది. ఇప్పుడతను పోటీదారుడిలా కాదు, పోలీసులా అడుగుతున్నాడు.

"ఎప్పుడొస్తాడు, ఎప్పుడు పోతాడు, ఎవరిని కలుస్తాడు. అంతే." అంటూనే రామమోహన్ ఆగిపోయాడు. రిపోర్టులో మొదటి పేజీ కళ్ల ముందు కనిపించింది. తను టైపు చేసిన వాక్యమే. పైకి చెప్పక తప్పలేదు. "'సోమవారం ఏడూ ఐదుకి గరాజ్ తలుపు ఎత్తుతాడు. చెత్తడబ్బాలు వీధిలోకి లాగుతాడు. గరాజ్ తలుపు ఆరు నిమిషాలు తెరిచే ఉంటుంది. భార్య ఆ టైములో ఇంట్లో ఉండదు.'"

ఏడూ ఐదు. సోమవారం.

"ఓనర్ పేరు?"

"హరనాథ్."

డాక్టరు గారి కుర్చీ వెనక్కి జరిగింది. "పొట్టిగా, బట్టతల, మెత్తగా మాట్లాడతాడు. అతనేనా?"

"మీకు తెలుసా?"

"నిన్న ఐసీయూ బయట నా పక్కనే కూర్చున్నాడు. ఫణి వాళ్ల మేనేజర్‌నన్నాడు. అంకితకి కాఫీ తెచ్చిచ్చాడు." డాక్టరు గారి పెదవులు పాలిపోయాయి. "మత్తు ఎప్పుడు వదులుతుంది డాక్టరు గారూ, మాట్లాడగలడా అని రెండుసార్లు అడిగాడు. మత్తు డాక్టర్ని కదా, అడిగేసరికి వివరంగా చెప్పాను. చార్టు చూసి, మందు తగ్గించే టైము లెక్కకట్టి మరీ చెప్పాను. బుధవారం పదకొండు పన్నెండు మధ్య కళ్లు తెరుస్తాడని."

అందరూ ఒకేసారి గోడ గడియారం చూశారు. పదకొండూ నలభై ఆరు.

"అక్కడ మీవాళ్లు ఎవరైనా ఉన్నారా?" అన్నాడు రామమోహన్.

"లేరు. నేను మీ మీదే... ఆయన మీదే ఫోకస్ చేశాను." నిశాంత్ అప్పటికే రేడియోలో మాట్లాడుతూ గుమ్మం దాటుతున్నాడు. అతని మెడ కూడా ఎర్రగా కందిపోయి ఉంది.

ఛాయాదేవి తన ఫోన్‌లో అంకిత నంబరు కలిపి రామమోహన్ చేతికిచ్చింది. నాలుగు సార్లు మోగింది.

"ఆంటీ!" అవతల అంకిత గొంతు, రెండు రోజుల తర్వాత మొదటిసారి నవ్విన గొంతు. "ఫణి కళ్లు తెరిచాడు ఆంటీ. నా వేలు పట్టుకున్నాడు. ఇంకా మాట రావట్లేదు, ఏదో చెప్పాలని చూస్తున్నాడు."

"అమ్మా, నేను రామమోహన్‌ని, డిటెక్టివ్‌ని. నువ్వు ఎక్కడున్నావు?"

"కింద కెఫెటేరియాలో అండీ. పొద్దున్నించీ ఏం తినలేదని హరనాథ్ గారు పంపించారు. ఆయన లోపల కూర్చున్నారు ఫణి దగ్గర. ఏమైందండీ?"

"పైకి పరిగెత్తు తల్లీ. అరుస్తూ పరిగెత్తు. హరనాథ్‌ని ఆ గదిలోంచి బయటికి పంపించమని నర్సుకి చెప్పు. ఇప్పుడే."

"ఎందుకండీ? ఆయన చాలా మంచివారు. అసలు మీకెలా తెలుసు? మీరెవరు మాకు?"

అబద్ధానికి టైము లేదు. నిజానికి కూడా లేదు, కానీ నిజం చెబితేనే కదులుతుంది.

"ఫణి ఎప్పుడు ఒంటరిగా ఉంటాడో హరనాథ్‌కి రాసిచ్చినవాణ్ని," అన్నాడు రామమోహన్. "నేనే రాసిచ్చాను. పరిగెత్తు."

 కుర్చీ పడిన చప్పుడు, అడుగుల చప్పుడు, గాలి, ఎవరినో తప్పుకోమంటున్న కేక. ఫోన్ కట్ చెయ్యలేదు ఆ పిల్ల. రామమోహన్ దాన్ని చెవికి నొక్కిపట్టి గుమ్మం వైపు నడిచాడు. వెనక డాక్టరు గారు ఏదో అడుగుతున్నాడు.

ఫోన్ అవతల ఆస్పత్రి స్పీకర్లో ఒక ఆడగొంతు పలికింది. తొందర లేని, అలవాటైన గొంతు, రోగి గుండె ఆగినప్పుడు వినిపించే పిలుపు.

"కోడ్ బ్లూ. నాలుగో అంతస్తు ఐసీయూ. బెడ్ ఏడు. కోడ్ బ్లూ. బెడ్ ఏడు."

అడుగుల చప్పుడు ఆగిపోయింది.

"సార్," అంది అంకిత. "బెడ్ ఏడు మాది."